చూరునీటి వాటము

తెలుగునాట 'ప్రణాళిక' అను మాట విననివారుండరు. 1951వ సంవత్సరమున మొదటి పంచవర్ష ప్రణాళిక ప్రారంభమైనది మొదలు ఆరు దశాబ్దములకు పైగా ఈ మాట మన పత్రికలలోను, సభలలోను, పాఠ్యపుస్తకములలోను మారుమ్రోగినది. 2017లో పండ్రెండవ ప్రణాళికతో ఆ పరంపర ముగిసినది గాని, మాట మాత్రము మన వాడుకలో నిలిచియున్నది. అయితే పుట్టినింట ఈ మాటకు అర్థము వేరు. సంస్కృతమున ప్రణాళము, ప్రణాళి, ప్రణాళిక అనగా నీరు పోవు దారి. కాలువయో, తూమో, గొట్టమో. శివాలయమున పానవట్టము నుండి అభిషేకజలము వెలికి జారెడి ముక్కునకు ప్రణాళమనియే పేరు. నీరు రాకమునుపే దానికి దారి యేర్పరచుట ప్రణాళిక.

మన తాపీ మేస్త్రీలు వాడు 'వాటము' అను మాటయు గమనింపదగినది. నీరు జారుటకై నేలకో, కప్పునకో, తూమునకో ఇచ్చెడి స్వల్పమైన వాలునకు వారు వాటమందురు. అదే మాటను మనము 'పని వాటముగా నున్నది' అన్నప్పుడు, అనుకూలముగా నున్నది, ఒప్పుగా నున్నది అను భావముతో వాడుదుము. వాలునకును, ఒప్పునకును ఒక్కటే మాట యగుట విశేషము. వాలు తగినంత యున్నప్పుడే పని ఒప్పుగును. తక్కువైనను చెడును, ఎక్కువైనను చెడును.

ఇంటి చూరు వెంబడి వాననీటిని పట్టుటకై కట్టెడి దోనెకు ఎంత వాటముండవలెను? ఇది చూచుటకు మిక్కిలి చిన్న ప్రశ్న. ఇది చరిత్రకెక్కదగిన ప్రశ్నయా యని శ్రోతలు సందేహింపవచ్చును. కాని శాసనకర్తలును, శిల్పశాస్త్రకారులును, రాజులును, ఇంజనీర్లును రెండువేల యేండ్లుగా ఈ ప్రశ్నకు సమాధానము వెదకుచునే యున్నారు. అది తప్పినచోట గోడలు కూలినవి. గోడలతోపాటు ఇరుగుపొరుగుల స్నేహములును కూలినవి.

చిన్ననాడు నేను చూచిన సంగతి యొకటి చెప్పెదను. కోనసీమలో మా తాతగారిది పెంకుటిల్లు. తూర్పు దిక్కున మా చూరునకును, పొరుగువారి మట్టిగోడకును నడుమ మనిషి పట్టునంత సందు మాత్రమే యుండెడిది. చూరునీరు ఆ సందులో పడి గోడ మొదలు తడుపుచున్నదని తాతగారు నలుబది యడుగుల పొడవున జింకురేకు దోనె కట్టించిరి. వీధికాలువ దక్షిణమున నున్నది గనుక నీరు దింపు గొట్టమును దక్షిణపు కొసనే పెట్టించిరి. కట్టిన పనివాడు దోనెను చూరుచెక్కతో సమముగా కంటితో చూచి బిగించెను. చూచుటకు అది గీత గీచినట్లుండెను. కాని పాతబడిన ఆ చూరుచెక్కయే ఉత్తరపు కొసన రెండంగుళములు క్రుంగియున్నది. ఆ సంగతి ఎవరి కంటికిని ఆనలేదు. ఆ యేటి కార్తికమాసపు తుపానులో నీరు గొట్టము వైపు పోక ఉత్తరపు కొసకు చేరి, అంచు పొరలి, ఒక్కచోటనే ధార కట్టి, రాత్రికి రాత్రి పొరుగువారి గోడను కరగించెను. తెల్లవారుసరికి ఆరడుగుల మేర గోడ నేలమీద నున్నది. అదృష్టవశమున ఎవరికిని దెబ్బ తగులలేదు.

పొరుగింటి పెద్దాయన వచ్చి కొంతసేపు ఆ మట్టిని చూచి, "బావగారూ, ఇన్నాళ్ళూ మీ చూరు పొడుగునా చుక్కలు పడుతుంటే మా గోడ ఓర్చుకుందండీ. మీరు దోనె కట్టి ఆ నీళ్ళన్నీ ఒక్కచోటే పోశారు" అని మాత్రమనిరి. అంతకు మించి ఒక్క పరుషవాక్యమైనను పలుకలేదు. కాని రెండేండ్లపాటు మా గడప త్రొక్కలేదు.

ఆనాడు ఆ మాటలోని బరువు నాకు తెలియలేదు. పెద్దవాడనై పుస్తకములు తిరగవేసినప్పుడు, సరిగా ఆ తగవునే ప్రాచీనులు తమ ధర్మాసనముల యెదుట విచారించియున్నారని తెలిసినది.

మైసూరు ప్రాచ్యగ్రంథాలయమునందలి తాళపత్ర ప్రతి నుండి శ్యామశాస్త్రిగారు 1909లో కౌటిల్యుని అర్థశాస్త్రమును ముద్రించి లోకమునకందించిరి. ఆ గ్రంథకాలమును గూర్చి పండితులలో భేదాభిప్రాయములు కలవు. ఎట్లు చూచినను అది సుమారు రెండువేల యేండ్ల నాటిది. రాజనీతికి, గూఢచారులకు పేరుపడిన ఆ గ్రంథమున మూడవ అధికరణములో ఇండ్ల కట్టడమును గూర్చిన అధ్యాయమొకటి యున్నది. ఇంటి నీరు ఆగక పారునట్లుగనో, ధారగా క్రింద పడునట్లుగనో చాలినంత వాటముతో దారి యేర్పరపవలెనని అందు నియమము. దీనిని మీరినవానికి 54 పణముల దండుగ. పొరుగువాని గోడను నీటితో చెరచిన 12 పణములు. వాన కురియునప్పుడు ప్రణాళిని అడ్డులేకుండ విడిచియుంచవలెను. అట్లు చేయనివానికిని 12 పణములే. ఇరుగుపొరుగు ఇండ్ల చూరుల నడుమ నాలుగంగుళముల యెడముండవచ్చును, లేదా ఒక చూరు మరియొక దానిపై నెక్కి యుండవచ్చును అని కూడ అందే చెప్పబడినది.

ఈ దండుగల తారతమ్యమును గమనింపుడు. గోడను చెరచినందులకు పండ్రెండు పణములు. చెరుపు కలుగునట్లు నీటిదారిని పెట్టినందులకు ఏబదినాలుగు. కలిగిన నష్టము కంటె, నష్టమునకు మూలమైన కట్టుబడి దోషమే నాలుగు రెట్లకు మించిన నేరమని శాస్త్రకారుని భావము కాబోలును. గోడ ఒక్కసారి కూలును. వాటము తప్పిన దోనె ప్రతి వానకును కూల్చుచునే యుండును. ప్రణాళి అను మాట ఈ నియమములలోనే వినవచ్చుట మరియొక ముచ్చట.

ఇక పడమటి దిక్కునకు దృష్టి సారింతము. రోము నగరమున క్రీస్తు పూర్వము మొదటి శతాబ్దిలో విట్రూవియస్ అను వాస్తుశాస్త్రజ్ఞుడు పది సంపుటముల గ్రంథము రచించెను. ఆనాటి రోమనుల ఇండ్లు చాలవరకు మన గోదావరి మండలముల మండువా లోగిళ్ళను పోలియుండెడివి. నడుమ ఆకాశమునకు విడిచిన చదరపు జాగా. నాలుగు వైపుల కప్పులును దానిలోనికే వాలియుండును. వాననీరంతయు నడిమి తొట్టిలోనికి చేరును. నాలుగు కప్పులు కలియు మూలలయందు నీరు దిగు కాలువలుండును. ఇట్టి ఇంట చూరునీరు పొరుగువాని జోలికి పోదు. తన నీటిని తానే భరించుటయే దాని ధర్మము.

కాని కొందరు లోపలి గదులకు వెలుతురు నిచ్చుటకై కప్పులను వెలుపలికి వాల్చి కట్టసాగిరి. వీనిని గూర్చి విట్రూవియస్ హెచ్చరిక చేసెను. ఇట్టి ఇండ్లు చలికాలమున హాయిగా నుండును గాని, మరమ్మతులకు పెద్ద తలనొప్పి యనెను. గోడల వెంట నమర్చిన గొట్టములు, కాలువలనుండి వచ్చు నీటిని వచ్చినంత వేగముగా గైకొనజాలవు. అందువలన నీరు పొంగి నిలిచి, కొయ్యపనిని, గోడలను చెరచునని ఆయన వివరించెను. మా తాతగారి దోనె కథ రెండువేల యేండ్లకు ముందే లిఖింపబడియున్నదన్నమాట. దోనె యెంత పెద్దదను దానికంటె, దానిలోని నీరు ఎంత త్వరగా దిగిపోవుచున్నదను దానిమీదనే గోడ బ్రదుకు ఆధారపడియుండునని ఆయన కనిపెట్టెను.

రోమనుల ధర్మశాస్త్రమును ఈ విషయమున మౌనము వహింపలేదు. పొరుగువాని ఇంటి నీరు నా జాగాలో పడుటకు నేను సమ్మతించినచో అది యొక హక్కుగా పరిణమించును. ఆ హక్కులను వారు రెండు పేర్లతో వేరుపరచిరి. కప్పునుండి చుక్కచుక్కగా పడునది 'స్టిలికీడియం'. దోనెలో చేరి ధారగా పడునది 'ఫ్లూమెన్', అనగా ప్రవాహము. 533వ సంవత్సరమున జస్టీనియన్ చక్రవర్తి వెలువరించిన ధర్మసంగ్రహములోను ఈ రెండు పేర్లును కలవు. చుక్కల హక్కు వేరు, ధార హక్కు వేరు. మా పొరుగింటి పెద్దాయన లాటిను చదివినవారు కారు. రోమను ధర్మశాస్త్రమను మాటయే వినియుండరు. అయినను కూలిన గోడ ముందు నిలిచి వారు చేసిన విచక్షణ సరిగా ఇదియే. దోనె కట్టుట యనగా చుక్కలను ధారగా మార్చుట. ధారగా మార్చినవాడు ఆ ధారకు గమ్యము కూడ చూపవలసినవాడగును.

ఇక వాటము కొలత సంగతి. నగరమునకు మంచినీరు తెచ్చు కాలువలకు నూరడుగులకు అరయడుగునకు తక్కువ కాని వాలుండవలెనని విట్రూవియస్ గ్రంథమున నున్నది. అనగా 200 అడుగులకు ఒక అడుగు. ఆయన తరువాత క్రీస్తు శకము మొదటి శతాబ్దిలో ప్లినీ అను గ్రంథకర్త, నూరడుగులకు అంగుళములో నాలుగవ వంతు చాలుననెను. అది 4,800 అడుగులకు ఒక అడుగు. ఇద్దరు మహానుభావుల నడుమ ఇరువదినాలుగు రెట్ల వ్యత్యాసము! ఫ్రాన్సు దేశములో నీము నగరమునకు రోమనులు నిర్మించిన జలమార్గము సుమారు 50 కిలోమీటర్ల పొడవు గలది. అంత దూరమునకును దాని మొత్తము దిగుడు ఇంచుమించు పండ్రెండున్నర మీటర్లు మాత్రమే. సగటున 4,000 అడుగులకు ఒక అడుగన్నమాట. పాం దు గార్ అను ప్రసిద్ధమైన మూడంతస్తుల వంతెన ఈ మార్గములోనిదే.

ఇంత సూక్ష్మమైన వాలును ఏ కన్ను గుర్తింపగలదు? అందువలననే రోమనులు కంటిని నమ్మలేదు. ఇరువది యడుగుల పొడవు గల బల్లవంటి సాధనమును వారు వాడిరి. దాని కాళ్ళ వెంబడి తూకపు గుండ్లు వ్రేలాడుచుండును. అడ్డకమ్మీలపై గీచిన గీతలను ఆ దారములు తాకినచో బల్ల సమముగా నున్నట్లు గుర్తు. గాలి వీచి గుండ్లు కదలినప్పుడు మరియొక ఉపాయము చేసిరి. బల్లపై ఐదడుగుల పొడవున చిన్న గాడి త్రవ్వి, అందు నీరు పోసి, ఆ నీరు రెండు కొసలను సమముగా తాకుచున్నదా యని చూచెడివారు. నీటి దారిని నీటిచేతనే కొలిపించిరన్నమాట. నీటికి పక్షపాతము లేదు, మొగమాటము లేదు. మట్టమును గూర్చి దాని సాక్ష్యమే తుది సాక్ష్యము.

మధ్యయుగములలో ఐరోపా ఖండమున కోటలు, దేవాలయములు ఆకాశమునంటినవి. వాని కప్పులమీది నీటిని గోడకు దూరముగా విసరుటకై సింహముల, పిశాచముల నోళ్ళవంటి రాతిముక్కులు అమర్చిరి. కాని పైనుండి పడెడి నీటిని గాలి తిరిగి గోడమీదికే కొట్టును. 1240వ సంవత్సరమున ఇంగ్లండు రాజు మూడవ హెన్రీ లండను కోటలోని పెద్ద బురుజునకు వెల్ల వేయింపనెంచెను. అప్పుడాయన పనుల అధికారికి పంపిన యాజ్ఞ నేటికిని రాజపత్రములలో నిలిచియున్నది. బురుజుపై నుండి నీరు దింపు సీసపు దోనెలన్నిటిని నేలదాక దింపవలెననియు, క్రొత్తగా వెల్లవేసిన గోడ వానచినుకులచేత ఏమాత్రమును చెడరాదనియు దాని తాత్పర్యము. తెల్ల బురుజను పేరు దానికి నేటికిని చెల్లుచున్నది. సామ్రాజ్యపు చిక్కులెన్నో నెత్తిమీద నున్న రాజు చూరునీటిని గూర్చి ఇంత శ్రద్ధ వహించుట మనకు వింతగా తోచవచ్చును. కాని ఆయన గ్రహించినది గొప్ప సత్యము. నీటికి దారి సగము దూరము వేసి వదలుట దారి వేయకపోవుట కంటె మేలు కాదు.

పందొమ్మిదవ శతాబ్ది నడుమ ఈ ప్రశ్న మరియొక రూపమున ముందుకు వచ్చినది. 1851లో లండను హైడ్ పార్కులో సర్వదేశముల వస్తుప్రదర్శనము జరుపదలచిరి. దానికి భవన నిర్మాణపు పథకములు రెండువందలకు మించి వచ్చినను ఒక్కటియు నచ్చలేదు. అప్పుడు తోటల పెంపకములో పేరుగన్న జోసెఫ్ పాక్స్టన్, ఇనుముతోను కొయ్యతోను గాజుతోను కట్టదగిన భవనమును సూచించెను. చాట్స్‌వర్త్ ప్రభువుగారి తోటలో పెద్ద ఆకుల కలువకై తాను కట్టిన గాజుటిల్లే దానికి మాదిరి. 1,848 అడుగుల పొడవు గల ఆ క్రిస్టల్ ప్యాలెస్, అనగా స్ఫటిక సౌధము, కొలది నెలలలోనే లేచి 1851 మే 1వ తేదీన తెరువబడినది. కృష్ణాతీరమున కొల్లూరు గనులలో దొరికినదని ప్రసిద్ధి గాంచిన కోహినూరు వజ్రమును జనులు ఆ కప్పు క్రిందనే తిలకించిరి.

ఎకరముల కొలది విస్తీర్ణము గల గాజుకప్పుపై పడు వాననీరు ఎటు పోవలెను? ఏటవాలుగా ఒకే పెద్ద కప్పు వేసినచో నీరు అంచు చేరువరకు ఉప్పెనయగును. చదునుగా వేసినచో నిలిచిపోవును. పాక్స్టన్ కప్పునంతను చిన్న చిన్న గాజు మడతలుగా విభజించెను. మడతకును మడతకును నడుమ లోయవంటి పల్లములో కొయ్యదోనె నమర్చెను. ఆ దోనె పొడవు 24 అడుగులు. యంత్రముతో దానిలో మూడు గాడులు చెక్కించెను. పైన నున్న పెద్ద గాడి వాననీటికి. ఇరుప్రక్కల నున్న చిన్న గాడులు, లోపలి జనుల ఊపిరి వలన గాజు అడుగున పట్టు చెమ్మ జారుటకు. నీరు అక్కడనుండి అడ్డుదోనెలలోనికి, అడ్డుదోనెలనుండి పోత యినుప స్తంభములలోనికి చేరును. ఆ స్తంభములు బోలువి. కప్పును మోయునవియు అవే, నీటిని దింపునవియు అవే.

ఇందు మనకు ముఖ్యమైనది వాటము. ఆ కొయ్యదోనె క్రింద ఇనుపకడ్డీని విల్లునకు నారివలె బిగించి, దోనె నడిమిభాగమును కొద్దిగా పైకి వంచిరి. అందువలన నీరు నడుమనుండి రెండు కొసలకును జారును. 24 అడుగుల దోనెయందైనను ఏ చుక్కయు పండ్రెండడుగులకు మించి ప్రయాణము చేయనక్కరలేదు. వాలును పెంచుటకు మారుగా దూరమును తగ్గించుట ఆయన యుక్తి. విట్రూవియస్ ఫిర్యాదునకు ఇది చక్కని సమాధానము. గొట్టము వేగముగా నీరు గైకొనలేకపోయినచో, గొట్టముల సంఖ్యను పెంచి, ఒక్కొక్కదానికి చేరు నీటిని తగ్గింపవలెను. ప్రదర్శనము ముగిసిన పిమ్మట సౌధమును విప్పి సిడెన్‌హామ్‌లో తిరిగి నిర్మించిరి. 1936 నవంబరు 30వ తేదీన అది అగ్నికి ఆహుతియైనది. ఆ దోనెల యుక్తి మాత్రము గ్రంథములలో నిలిచినది.

వాలునకును వేగమునకును గల సంబంధమును గణితముగా తేల్చినవారు ఇంజనీర్లు. పదునెనిమిదవ శతాబ్దిలో ఫ్రెంచి ఇంజనీరు షెజీ, 1889లో ఐర్లండు ఇంజనీరు రాబర్టు మానింగు ఈ మార్గమున కృషి చేసిరి. వారి సూత్రముల సారము తేలికగా చెప్పవచ్చును. వాలు రెట్టింపైనంతనే వేగము రెట్టింపు కాదు. వేగము రెట్టింపు కావలెనన్న వాలు నాలుగు రెట్లు పెంపవలెను. ఇది తెలియక చాలమంది, వాలెంత యెక్కువైన అంత మేలని తలంతురు. నలుబది యడుగుల దోనెకు ఒక అంగుళము దిగుడు చాలుననుకొందము. వేగమును రెట్టింపు చేయగోరినచో నాలుగంగుళములు దింపవలెను. అప్పుడు దోనె పైకొస పెంకులనంటి యుండగా, క్రిందికొస చూరునకు నాలుగంగుళములు దిగువను వ్రేలాడును. ఈదురుగాలి వీచినప్పుడు చూరునీరు ఆ యెడమునుండి దోనెను దాటి నేరుగా గోడమీదనే పడును. వాటము మించిన దోషమిది. తక్కువైన దోషము మనమెరిగినదే: నీరు నిలుచును, ఆకులు క్రుళ్ళును, దోమలు పెరుగును, రేకు త్రుప్పుపట్టును.

మన దేశమునకు తిరిగి వత్తము. 1865లో మంగుళూరులో బాసెల్ మిషన్ వారు యంత్రములతో పెంకులు చేయ మొదలిడిరి. మన పల్లెలలో వీనిని బెంగుళూరు పెంకులనుట వాడుక. నాటుపెంకుల ఇండ్లకు తోడు ఈ పెంకుల ఇండ్లును పెరిగి, ఊళ్ళు ఇరుకై, చూరులు చేరువైనకొలది చూరునీటి తగవులును న్యాయస్థానములకెక్కినవి. 1882 జూలై 1వ తేదీనుండి నాటి మద్రాసు రాజధానిలో ఈజ్‌మెంట్ల చట్టము అమలులోనికి వచ్చినది. ఇరువదియేండ్లు ఏ అడ్డును లేక, బహిరంగముగా, హక్కుగా అనుభవించినచో ఒకరి స్థలముపై మరియొకరికి సుఖభోగపు హక్కు కలుగునని దాని నియమము. చూరునీరు పొరుగు జాగాలో విడుచుటయు ఇట్టి హక్కులలోనిదే. కౌటిల్యుని నాలుగంగుళముల యెడము, రోమనుల చుక్కలు ధారలు, మన మునసబు కోర్టులలో వకీళ్ళ వాదములు అన్నియు ఒకే త్రోవలోని మజిలీలు.

ఇల్లు కట్టువారికి పనికివచ్చు నాలుగు మాటలు చెప్పుట అసందర్భము కాదు. వెయ్యి చదరపుటడుగుల కప్పుమీద ఒక్క అంగుళము వాన కురిసినచో 2,300 లీటర్లకు పైగా నీరు దిగును. ఈ నీరంతయు దోనె దారినే పోవలెను. సామాన్యముగా ఇండ్ల చూరు దోనెలకు పది యడుగులకు పావు అంగుళము మొదలు అరయంగుళము వరకు దిగుడు చాలును. నలుబది యడుగులకు ఒకటి, రెండు అంగుళములన్నమాట. దోనె అంతకంటె పొడవైనచో నడుమ ఎత్తు చేసి రెండు కొసలకును వాల్చి, రెండు గొట్టములు పెట్టుట మేలు. ఇది పాక్స్టన్ నేర్పిన పాఠము. గొట్టమును గోడ సగములో విడువక నేలదాక దింపుట హెన్రీ రాజు పాఠము. వానాకాలమునకు ముందు ఆకులు, మట్టి తీసివేసి ప్రణాళిని విడిచియుంచుట కౌటిల్యుని పాఠము. అన్నిటికంటె ముందు, కొసనుండి కొసకు మట్టము చూచి, దారము లాగి, ఆ దారమును బట్టి కొక్కెములు కొట్టుట. చూరుచెక్కను నమ్మరాదు, కంటిని అసలే నమ్మరాదు.

ఇటీవలి కాలమున దోనెకు క్రొత్త బాధ్యత చేరినది. 2002వ సంవత్సరమున ఆంధ్రప్రదేశములో వెలువడిన నీరు, భూమి, చెట్ల చట్టము వాననీటిని నేలలోనికి ఇంకించు కట్టుబడులను గూర్చి కూడ చెప్పినది. నాడు నీటిని ఇంటినుండి తరిమిన చాలుననుకొంటిమి. నేడు దానిని పిలిచి గోతిలో నిలుపవలసి వచ్చినది. గమ్యము మారినది గాని వాటపు ప్రశ్న మారలేదు. డాబాపైని నీరు మూలకు చేరకున్నచో, దోనె గొట్టము వైపు వాలకున్నచో, ఇంకుడుగుంత యెంత లోతు త్రవ్వినను దానికి దక్కునది దుమ్మే.

మా తాతగారి దోనె సంగతి ముగింపవలసియున్నది. రెండేండ్ల తరువాత ఊరిలో వృద్ధుడైన మేస్త్రి యొకడు ఆ దోనెను తిరిగి కట్టుటకు ఒప్పుకొనెను. ఆయన తెచ్చిన పనిముట్టు ఒక్కటే: నీరు నింపిన సన్నని పారదర్శకపు గొట్టము. మేస్త్రీలు దానిని 'లెవలు పైపు' అందురు. రోమనుల బల్లమీది నీటిగాడికి అది మనుమరాలు. దానిని పట్టుటకు రెండు కొసలను ఇద్దరు నిలువవలెను. దక్షిణపు కొసను తాతగారు పట్టుకొనిరి. ఉత్తరపు కొస పొరుగువారి గోడ ప్రక్కనే. అక్కడ నిలుచుటకు వారి పెరటిలోనుండి పోవలెను. మేస్త్రి మొగమాటపడక వారి గుమ్మము ముందు నిలిచి, "అయ్యగారూ, ఓ చెయ్యి వెయ్యండి, నీళ్ళు మట్టం చూడాలి" అని పిలిచెను.

పెద్దాయన వచ్చి గొట్టము పట్టుకొనిరి. గొట్టములోని నీరు కొంతసేపు ఊగిసలాడి రెండు కొసలను ఒకే మట్టమున నిలిచినది. ఆ నీటిమట్టమునకు ఉత్తరపు చూరుచెక్క రెండంగుళములు దిగువను కనబడినది. ఇద్దరును దానిని చూచిరి, ఎవరును మాటాడలేదు. మేస్త్రి చెక్కను ఎత్తి కట్టి, దక్షిణమునకు అంగుళము వాటమిచ్చి దోనెను బిగించెను. ఆ సాయంకాలము పొరుగింటినుండి మాకు పనసతొనలు వచ్చినవి.